పడినవాడు లేచాడా?

ఎదుటివాడు పడితే నవ్వడం తప్పా? 1900లో సెసిల్ హెప్‌వర్త్ తీసిన ఓ మూకీ చిత్రంలో మోటారు కారు ఉన్నట్టుండి పేలిపోతుంది. పోలీసు ఒకాయన తలెత్తి చూస్తుంటే పైనుంచి కాళ్లూ చేతులూ రాలిపడతాయి. ఆయన వాటిని ఓపిగ్గా ఏరి, ఎవరివి వాళ్లకు సర్దిపెడతాడు. చావు చూసి నవ్వమన్నట్టే కదా అని అడగొచ్చు. కాదనే నేనంటాను. మధ్యలో కెమెరా ఆపి చేసిన మాయ అది; పోయిన ప్రాణం ఒక్కటీ లేదు. పడడానికి నటుడు ఒప్పుకున్నాడు, పడ్డాక లేచి ఇంటికెళ్లాడు. ఆ రెండూ ఉన్నాయి గనకే ఆ నవ్వులో దోషం లేదు. మయసభలో అవి లేవు. దుర్యోధనుడు నేలనుకుని నీళ్లలో పడ్డాడు, చూసినవాళ్లు నవ్వారు; ఆ నవ్వు కురుక్షేత్రం దాకా వెంటాడింది.

హైటెక్ సిటీ కూడళ్లలోని సీసీటీవీ దృశ్యాలు చూడటానికి అచ్చం ఆ పాత మూకీల్లాగే ఉంటాయి. కదలని కెమెరా, శబ్దం లేదు, మనుషులు చీమలంత. బైకు జారుతుంది, హెల్మెట్ దొర్లుకుంటూ డివైడర్ దాకా పోతుంది, అక్కడితో క్లిప్పు అయిపోతుంది. పడినవాడు లేచాడో లేదో తెలియదు. దానికి ఎవరో సినిమా కామెడీ డైలాగు తగిలించి వాట్సాప్‌లో వదులుతారు. 2019 నవంబర్ 23న గచ్చిబౌలి బయోడైవర్సిటీ ఫ్లైఓవర్ మీంచి అతివేగంతో వచ్చిన కారు కిందికి పడింది. ఆ వంతెన తెరిచి అప్పటికి మూడు వారాలైనా కాలేదు. హెప్‌వర్త్ చిత్రంలోలాగే ఆకాశం నుంచి ఇనుము రాలింది, కానీ కింద రోడ్డు పక్కన నిలబడ్డ ఒక మహిళ నిజంగానే ప్రాణం కోల్పోయింది. చూసే కంటికి రెండు బొమ్మలకూ తేడా తెలియదు. తేడా తెలుసుకోవలసింది మనసే.

నవ్వు మన చేతుల్లో ఉండదు కదా అంటారు. నిజమే. నవ్వు రావాలంటే గుండె ఒక్క క్షణం మొద్దుబారాలని ఫ్రెంచ్ తత్వవేత్త బెర్గ్‌సన్ కూడా ఆ 1900లోనే రాశాడు. ఆ క్షణాన్ని నేను తప్పుపట్టను. బుద్ధుడు కర్మ అన్నది సంకల్పాన్ని. పెదవి దానంతటది విచ్చుకోవడం సంకల్పం కాదు, ఫార్వర్డ్ బటన్ నొక్కడం సంకల్పమే. నవ్వుతో చెబితేనే జనం హెల్మెట్ పెట్టుకుంటారన్న వాదన ఇంకా బలమైనది. సైబరాబాద్ ట్రాఫిక్ పోలీసులు ప్రమాద దృశ్యాలను జనం ముందు పెడుతున్నది ప్రాణాలు కాపాడటానికే, దాన్ని కాదనలేం. అయితే భయపెట్టి బుద్ధి చెప్పే దృశ్యానికి హాస్యం జోడిస్తే మిగిలేది హాస్యమే, భయం కాదు. నవ్వించే పని నటులకు అప్పగించవచ్చు. నిజంగా పడినవాడి దృశ్యం చూపాలనుకుంటే ముఖం కనపడకుండా చేసి, తర్వాత అతనేమయ్యాడో కూడా చెప్పాలి.