నిప్పు పెట్టిన చేయి

1991లో ఇరాక్ సైన్యం వెనుదిరుగుతూ కువైట్‌లో 600కు పైగా చమురు బావులకు నిప్పు పెట్టింది. చివరి మంట ఆరేసరికి నవంబరు వచ్చింది. ఆ మంటల మీద వచ్చిన రెండు సినిమాలు డాక్యుమెంటరీకీ ప్రయోగానికీ నడుమ నిలుస్తాయి. ఒకటి జర్మన్ దర్శకుడు వెర్నర్ హెర్జోగ్ 1992లో తీసిన ‘లెసన్స్ ఆఫ్ డార్క్‌నెస్’. రెండోది, చిన్నతనం కువైట్‌లో గడిచిన మునీరా అల్ ఖాదిరి 2013లో చేసిన ‘బిహైండ్ ది సన్’. కనిపించే మంటలు అవే, వినిపించే దైవవాక్కులే వేరు. మనిషి చేసిన వినాశనాన్ని దేవుడి భాషలో చెప్పవచ్చా అన్న ప్రశ్నకు జవాబు ఈ తేడాలోనే ఉంది.

హెర్జోగ్ ఆ పొగను ఆకాశం నుంచి చూపిస్తాడు. వెనక వాగ్నర్, మాలర్ సంగీతం. పైన బైబిల్‌లో యుగాంతాన్ని చెప్పే ప్రకటన గ్రంథం మాటలు. యుద్ధం ఎవరు చేశారో, ఎందుకు చేశారో చెప్పడు. సినిమా మొదట్లో ఫ్రెంచ్ తత్వవేత్త పాస్కల్ పేరుతో వచ్చే వాక్యం నిజానికి తాను రాసిందేనని తర్వాత ఆయనే ఒప్పుకున్నాడు. కళ వార్తాపత్రిక కాదు కదా, కల్పన వల్ల లోతైన సత్యం దొరికితే తప్పేమిటని అడగవచ్చు. కల్పనతో పేచీ లేదు. యుగాంతపు మాటలు ఆ మంటలకు మరీ చక్కగా అమరిపోవడమే చిక్కు. ముందే రాసిపెట్టి ఉన్నది జరిగిందంటే, ఇక చేసినవాణ్ణి వెతికే పనే లేదు. కళ్లెదుట కొడుకుల చిత్రహింస చూసి మాట పోయిన తల్లిని ఆయన చూపించిన మాట నిజమే. సినిమా నేల మీదికి దిగేది అక్కడే. కానీ ఆమె బాధకు కారకుడు మాత్రం ఆ పొగలోనే ఉండిపోతాడు.

అల్ ఖాదిరి పాత వీహెచ్‌ఎస్ టేపుల్లోని మంటలకు అదే కాలపు ఇస్లామిక్ టీవీ కార్యక్రమాల గొంతును జోడించింది. అది ప్రకృతిలో సృష్టికర్త వైభవాన్ని కీర్తించే గొంతు. అరబీలో ‘ఆయత్’ అంటే ఖురాన్ వాక్యమే కాదు, దేవుడి గుర్తు కూడా. చెట్టూ కొండా ఆయన గుర్తులైతే ఈ మంట ఎవరి గుర్తు? స్తోత్రం ఈ దృశ్యానికి అతకదు. అతకని చోటే మనిషి చేయి బయటపడుతుంది. ఇది భక్తిని వెక్కిరించడమని కొందరికి తోచవచ్చు. నిజానికి సృష్టిని దేవుడిదని నమ్మినవాడికే దాన్ని తగలబెట్టడం అపచారంగా కనిపిస్తుంది. ఆ నమ్మకం లేకపోతే మిగిలేది ఆస్తినష్టం.

దేవుడి మాట చాటున మనిషి చేతిని దాచకూడదన్న జాగ్రత్తను మన మహాభారతమూ పాటించింది. ఖాండవ వనాన్ని ఆహారంగా కోరింది సాక్షాత్తు అగ్నిదేవుడే. అయినా ఆ అడవి కాలుతుంటే బాణాలు వేసింది అర్జునుడని, తప్పించుకున్నది ఎవరెవరని కథ దాచకుండా చెప్పింది. ఆ మంటల్లో తల్లిని పోగొట్టుకుని బయటపడ్డ అశ్వసేనుడనే నాగుడు తర్వాత యుద్ధంలో కర్ణుడి బాణంలో చేరి అర్జునుడి మీదికే తిరిగి వచ్చాడు. దేవుడు అడిగినా సరే, కాల్చినవాడి ఖాతాలోంచి ఆ మంట చెరిగిపోలేదు.