ఎడమ సీటు

"మొదటి మహిళా పైలట్" అనే మాట విన్నప్పుడల్లా నాకో అనుమానం. ఆ పొగడ్త ఎవరికి చెందాలి? ఎగిరిన మనిషికా, ఎగరనిచ్చిన కంపెనీకా?

1947లో కమర్షియల్ పైలట్ లైసెన్సు పట్టుకుని ప్రేమ్ మాథుర్ ఉద్యోగం కోసం తిరిగారు. ఎనిమిది కంపెనీలు కాదన్నాయి. చివరికి తీసుకున్నది మన హైదరాబాద్ డెక్కన్ ఎయిర్‌వేస్. మనం గర్వంగా చెప్పుకునే కథ ఇక్కడ ఆగిపోతుంది. 1949లో ఆవిడ నేషనల్ ఎయిర్ రేస్ కూడా గెలిచారు. కానీ కావలసిన గంటలు ఎగిరి, కెప్టెన్‌ని చేయమని అడిగితే అదే కంపెనీ ఒప్పుకోలేదు. విమానంలో కెప్టెన్‌ది ఎడమ సీటు, కో-పైలట్‌ది కుడి సీటు. లోపలికి రానిచ్చారు గానీ ఎడమ సీటు ఇవ్వలేదన్నమాట. ఆవిడ ఢిల్లీ వెళ్లిపోయారు, 1953లో ఇండియన్ ఎయిర్‌లైన్స్‌లో చేరారు.

"ఆడవాళ్లు విమానం నడపలేరు" అనే మాటని పడగొట్టడానికి ఒక్కరు చాలు. కానీ ఆ ఒక్కరు "ఎవరైనా నడపొచ్చు" అని రుజువు చేయరు. మనం మొదటిదాన్ని చూపించి రెండోది ఒప్పిస్తుంటాం.

విజయవాడలో పెరిగిన ఆనీ దివ్య 2017లో, ముప్పై ఏళ్లకే బోయింగ్ 777 కమాండర్ అయ్యారు. ఆ చదువు కోసం అమ్మానాన్నలు అప్పు చేశారు. ఈ కథ వినగానే "చూశావా, పట్టుదల ఉంటే చాలు" అనాలనిపిస్తుంది. భద్రాచలంలో ఇంటర్ పిల్లలకి పాఠం చెప్పే నాకు ఆ మాట నోరు దాటదు. చర్ల వైపు నుంచి వచ్చే కోయ అమ్మాయి ఒకరోజు అడిగింది: "సార్, పైలట్‌కి బైపీసీ పనికిరాదా?" ఫిజిక్స్, మ్యాథ్స్ ఉండాలి, మ్యాథ్స్ ఓపెన్ స్కూల్లో రాసుకోవచ్చు అన్నాను. 200 గంటలు ఎగరాలి, ప్రతి గంటకీ డబ్బు కట్టాలి, మొత్తం పదుల లక్షలవుతుంది అని కూడా చెప్పాను. "పోడు పట్టా తాకట్టుకి పనికిరాదు కదా సార్" అంది, లెక్క చెప్పినంత మామూలుగా.

ఆ పిల్లకి ఆనీ దివ్య పేరొక్కటే చెప్పి ఊరుకుంటే, రేపు ఎగరలేకపోయినప్పుడు తప్పు ఆ పిల్ల పట్టుదల మీదకే వస్తుంది. పోనీ, అసలు చెప్పకుండా ఉంటే? ఆ ఎనిమిది కంపెనీలు చేసిన పనే నేనూ చేసినట్టు. అందుకే పేరుతో పాటు ఖరీదూ చెప్పాలి, ఆ ఖరీదు ఎవరు కట్టారో కూడా చెప్పాలి. పాతబస్తీ బేకరీ కార్మికుడి కూతురు సయ్యదా సల్వా ఫాతిమా పైలట్ అయ్యారంటే ఆమె పట్టుదలతో పాటు ఒక పత్రికా సంపాదకుడి డబ్బూ, ఆ తర్వాత రాష్ట్ర ప్రభుత్వం డబ్బూ ఉన్నాయి. అది చెబితే ఆమె గొప్పతనం తరగదు.

మన దేశంలో మహిళా పైలట్ల వాటా ప్రపంచ సగటుకి రెండింతలకు పైనే. సంతోషించాల్సిందే. కాకపోతే మొదటి మనిషికి చప్పట్లు కొట్టినవాళ్లు రెండో మనిషికి బాకీ పడతారు. ఆ బాకీ తీర్చేదాకా అడవి అంచున ఉన్న పిల్లని "నువ్వెందుకు ఎగరలేదు?" అని అడిగే హక్కు మనకి లేదు.