ఏడుగురికి ఎక్కువైన మైదానం

రగ్బీ మైదానం దాదాపు 100 మీటర్ల పొడవు, 70 మీటర్ల వెడల్పు. పదిహేనేసి మంది ఆడేందుకు గీసిన నేల అది. సెవెన్స్‌లో అదే నేల మీదికి జట్టుకు ఏడుగురే దిగుతారు. మన కబడ్డీలోనూ ఏడుగురే గానీ బరి చిన్నది. అక్కడ పట్టేవాళ్లు చేతులు కలిపితే కూతకొచ్చినవాడికి సందు దొరకడం కష్టం. ఇక్కడ ఏడుగురూ వరసకట్టినా మనిషికీ మనిషికీ నడుమ పది మీటర్ల ఖాళీ మిగులుతుంది. ఆ ఖాళీ ఎక్కడ తెరుచుకోబోతోందో ముందుగా కనిపెట్టినవాళ్లదే ఆట. ఏడు నిమిషాలు, చిన్న విరామం, మళ్లీ ఏడు నిమిషాలు.

ఆ ఖాళీని ఫిజీ ఆటగాడు వైసాలే సెరెవీ చూసినట్టు మరొకరు చూడలేదని నా నమ్మకం. 1968లో పుట్టాడు. రగ్బీ లెక్కలో పొట్టి మనిషి, బక్క మనిషి. నేను ఆయన ఆట చూసింది పాత వీడియోల్లోనే. అందరూ వేగం గురించి చెబుతారు కాబట్టి కళ్లు వేగాన్నే వెతుకుతాయి. కాసేపటికి నన్ను కట్టిపడేసింది మాత్రం ఆయన ఆగడం. బంతిని రెండు చేతులా పట్టుకుని, ఎదుటివాడి ముందు దాదాపు నిలబడిపోతాడు. ఎదుటివాడు ఆగలేక ఒక అడుగు ముందుకేస్తాడు. ఆ అడుగుతో అతని పక్కన, క్షణం కిందటి వరకూ లేని దారి పడుతుంది. అప్పుడు కదులుతాడు సెరెవీ, లేదా బంతిని ఆ దారిలోకి వదిలేస్తాడు. అవతలివాళ్ల తొందరే ఈయనకు దారి వేసేది. మీదికి దూసుకొస్తున్న తొంభై కిలోల మనిషి ముందు అలా నిదానించడానికి ఎంత గుండె నిబ్బరం కావాలో ఊహించుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది.

హాంకాంగ్ సెవెన్స్ టోర్నీని సెరెవీ ఆడిన ఫిజీ జట్టు 1990, 1991, 1992ల్లో వరసగా గెలిచింది. 1997లో అదే హాంకాంగ్‌లో సెవెన్స్ ప్రపంచ కప్ ఫైనల్లో దక్షిణాఫ్రికాను 24–21తో ఓడించింది. ఆ తర్వాత ఆయన ఇంగ్లండ్‌లోని లెస్టర్ టైగర్స్‌కూ, అటుపైన ఫ్రాన్సులో మోన్ ద మర్సాన్‌కూ వెళ్లాడు. అక్కడిది పదిహేనుమంది ఆట. అదే మైదానం, అదే బంతి, కానీ రెండింతల మనుషులు. సెవెన్స్‌లో రాజు అనిపించుకున్న మనిషి అక్కడ ఆ వెలుగు వెలగలేదు. దీన్ని ఆయన లోపంగా రాసినవాళ్లున్నారు. నాకలా అనిపించదు. ఒక్కొక్క నేర్పుకు ఒక్కొక్క వైశాల్యం కావాలి. ఇరుకులో అది ముడుచుకుంటుంది. ముడుచుకున్నంత మాత్రాన లేకుండా పోదు. తమ పనికి తగినంత చోటు దొరకక, ఇరుకులోనే ఉద్యోగాలు ముగించుకుని, తమకేమీ చేతకాదన్న నమ్మకంతోనే ఇంటికి చేరినవాళ్లు నాకు తెలుసు. వాళ్లకు మరికొంత నేల దొరికి ఉంటే ఏం చేసి చూపేవాళ్లో ఎవరికీ తెలియదు.

సెరెవీకి ఆ నేల మళ్లీ దొరికింది. 2005 మార్చిలో, 37 ఏళ్లకు రెండు నెలల ముందు, కెప్టెన్‌గా మరో ప్రపంచ కప్ ఆడాడు. ఫైనల్లో న్యూజిలాండ్ మీద 29–19. ఇరవైల్లో ఉన్నవాళ్ల ఊపిరే ఆగిపోయే ఆట ఇది. ఒకే రోజు రెండు మూడు మ్యాచ్‌లు పడతాయి. కాళ్లలో వేగం తగ్గిందని చూస్తేనే తెలుస్తుంది. అయినా ఖాళీ ఎక్కడ పడబోతోందో పసిగట్టే చూపు చెక్కుచెదరలేదు. వయసు మనలోంచి అన్నిటినీ ఒక్కసారే పట్టుకుపోదని ఆ మ్యాచ్ చూశాకే నాకు నమ్మకం కుదిరింది. మరుసటి సీజన్లో ఆయన ఆడుతూ, కోచ్‌గానూ ఉంటూ, అప్పటికి ఆరేళ్లుగా న్యూజిలాండ్ చేతుల్లోనే ఉన్న ప్రపంచ సిరీస్‌ను ఫిజీకి తెచ్చాడు.

ఫిజీ అంటే మనకూ బొత్తిగా పరాయి చోటు కాదు. 1903 నుంచి మద్రాసు రేవులో గిర్మిట్ అనే కూలీ ఒప్పందం మీద ఓడలెక్కి అక్కడి చెరకు తోటలకు చేరినవాళ్లలో తెలుగువాళ్లున్నారు. వాళ్ల సంతతి ఎక్కువగా ఫుట్‌బాల్ వైపు మొగ్గింది. రగ్బీ ప్రధానంగా ఆదివాసీ ఫిజియన్ల ఆటగానే సాగింది. 1987 సైనిక కుట్రలు ఈ రెండు వర్గాల నడుమ తెచ్చిన చీలికను రగ్బీ పూడ్చిందని నేను అనను. భయంతో దేశం విడిచినవాళ్లకు అది అన్యాయం. అయినా ఆ గెలుపు రోజుల్లో ఫిజీ అంతా ఒకే జట్టు పేరు తలుచుకుందన్నదీ నిజమే.

సెవెన్స్‌ను ఒలింపిక్స్‌లో చేర్చాలన్న నిర్ణయం 2009లో వచ్చింది. ఆట మొదలైంది 2016లో, రియోలో. ఫైనల్లో ఫిజీ బ్రిటన్‌ను 43–7తో చిత్తు చేసింది. ఆ దేశానికి ఏ ఒలింపిక్స్‌లోనైనా అదే తొలి పతకం. ఆ సంబరంలో ఏడు డాలర్ల నోటు కూడా అచ్చువేశారు. అప్పటికి సెరెవీకి 48 ఏళ్లు. ఆయన నాటిన చెట్టుకే ఆ పండు కాసిందని, కాబట్టి ఆయనకు లోటు లేదని ఓదార్చేవాళ్లున్నారు. ఆ ఓదార్పు నాకు రుచించదు. రియోలో ఆడినవాళ్లు ఆయన ఆట చూస్తూ పెరిగినవాళ్లే, అది సరే. కానీ ఆడాలన్న ఆకలి ఉన్న మనిషికి, తాను లేని మైదానంలో దక్కిన పతకం తన పతకం అవుతుందా? లోటు లోటే. దాన్ని తుడిచేయకుండానే ఆయన్ను గౌరవించవచ్చు.

ఆడటం మానేశాక సెరెవీ అమెరికాలోని సియాటిల్ చేరాడు. 2010లో తన పేరుతోనే అక్కడ ఒక రగ్బీ సంస్థ మొదలైంది. రగ్బీ బంతిని ఎన్నడూ ముట్టని అమెరికా పిల్లలకు నేర్పడం దాని పని. 2013లో అంతర్జాతీయ రగ్బీ బోర్డు హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఆయనకు చోటిచ్చారు. నన్ను ఎక్కువగా ఆలోచింపజేసేది మాత్రం ఆ పిల్లల సంగతే. పాస్ నేర్పవచ్చు, ట్యాకిల్ నేర్పవచ్చు. మనిషి మీదికొస్తుంటే తొందరపడకుండా ఉండటం ఎలా నేర్పుతారు? మాటలతో కుదిరే పని కాదనుకుంటాను. బహుశా చాలా పెద్ద మైదానంలో కొద్దిమంది పిల్లల్ని వదిలి, వాళ్ల చేతికి బంతినిచ్చి, పొరపాటు చేసినప్పుడల్లా ఈల ఊదకుండా ఉండగలగాలి. పక్కనుంచి అరిచి దారి చూపాలన్న ఆత్రాన్ని ముందుగా అణచుకోవలసింది నేర్పేవాడే.