ఊరూ పేరూ



కొత్త మనిషి కనబడితే మనవాళ్ళు మొదట అడిగేవి రెండే ప్రశ్నలు: ఏ ఊరు? ఏం పేరు? ఈ రెండూ తెలిస్తే మనిషి తెలిసిపోయినట్టే అనుకుంటాం. ఊరూ పేరూ లేనివాడు అంటే ఎవరికీ చెందనివాడని మన భాషలో అర్థం. ఈ వారం ఈ రెండింటిని గురించి మీతో కలిసి కొంచెం ఆలోచించాలని ఉంది. అందుకు కారణం ఒక పసిపాప.

ఒక ఆదివారం పూజ ముగిసి గుడి బయటికి వస్తుంటే, ధూల్‌పేట్‌లో కాపురముంటున్న ఒక యువకుడు నన్ను ఆపాడు. ఆటో నడుపుకొనే మనిషి. చేతిలో నెల నిండని బిడ్డ, పక్కన భార్య, వెనుక అతని తల్లి.

"సార్, పాపకు జ్ఞానస్నానం ఇప్పియ్యాలె. మా ఇంటామె దొర్కా అని పేరు పెడ్తనంటున్నది. అసలు ఇది పేరేనా? పునీతులల్ల ఉన్నదా? దీనికి అర్థమేంది? రేపు బడిల పిల్లలు నవ్వరా?" అని ఒక్క ఊపిరిలో నాలుగు ప్రశ్నలు వేశాడు.

భార్య ఇంట్లో మిషను పెట్టుకుని జాకెట్లు కుడుతుంది. "బట్టలు కుట్టి విధవలకు పంచిన తల్లి సార్. నా పనే ఆమె పని. ఆమె పేరు పెట్టుకుంటే తప్పా?" అంది.

ముసలామె మాత్రం నవ్వింది. "దొర్కా ఏంది బిడ్డా, పోయిన వస్తువు దొర్కినట్టు!" అని, మళ్ళీ తానే కళ్ళు తుడుచుకుంటూ, "అయినా పెండ్లయిన ఆరేండ్లకు దొర్కింది. పోనీ, అట్లనే పిలుద్దాం" అంది. ఆ పేరుకు తెలుగులో అంత చక్కని అర్థం పండితులకైనా తట్టదేమో!

ఆ నాలుగు ప్రశ్నలకు ఆనాడు నిలబడి చెప్పిన సమాధానం చాలలేదు. ఇక్కడ కొంచెం వివరంగా చెప్పనివ్వండి.

మొదటిది, ఇది పేరే. అపోస్తలుల కార్యములు తొమ్మిదవ అధ్యాయం చివర ఈమె కథ ఉంది. యొప్పే అనే రేవుపట్టణం ఆమె ఊరు. నేటి ఇశ్రాయేలు దేశంలో టెల్ అవీవ్‌ను ఆనుకుని ఉన్న జాఫా అదే. ఆమెను తనవారు అరమాయిక భాషలో తబితా అని పిలిచేవారు. గ్రీకు పాఠకులకోసం వ్రాస్తున్న లూకా ఆ మాటను తర్జుమా చేసి, గ్రీకులో దొర్కా అని చెప్పాడు. రెండింటికీ అర్థం ఒక్కటే: ఆడలేడి. హెబ్రీలో ఇదే అర్థంగల పేరు ఇంకా పాతది. యోవాషు రాజు తల్లి, బేర్షెబా ఊరి జిబ్యా పేరు కూడా లేడి అనే చెబుతుంది.

లేడి కన్నులు పెద్దవి, వెలుగుతూ ఉంటాయి. అందుకే ఈ పదాన్ని 'చూచుట' అనే అర్థమిచ్చే గ్రీకు క్రియతో ముడిపెట్టడం పూర్వంనుంచీ ఉంది. పదానికి వేరే మూలం ఉండవచ్చని భాషాశాస్త్రజ్ఞులు అంటున్నా, చూపు మీద నిలిచిన ఆ భావన మనకు పరాయిది కాదు. మన కవులు హరిణాక్షి అన్నారు, మృగనయన అన్నారు. మీ వీధిలో హరిణి అనే అమ్మాయి ఉంటే, అర్థంలో ఆమె మన దొర్కాకు అక్కే.

పేరును ఒక భాషనుంచి మరో భాషలోకి మార్చుకోవడం మన పెద్దలకూ అలవాటే. పేతురు అంటే రాయి గనుక రాయప్ప అన్నారు. పౌలు అంటే చిన్నవాడు గనుక చిన్నప్ప అన్నారు. తిరువాన్కూరు రాజ్యంలో 1745లో జ్ఞానస్నానం పొందిన నీలకంఠ పిళ్ళైకి లాజరు అనే పేరును తమిళంలో దేవసహాయం అని పెట్టారు. దేవుడు సహాయం చేశాడని ఆ హెబ్రీ పేరుకు అర్థం. ఆయన 1752లో వేదసాక్షిగా మరణించారు. 2022 మే 15న ఫ్రాన్సిస్ పోపుగారు ఆయనను పునీతునిగా ప్రకటించారు.

రెండవ ప్రశ్నకు జవాబు చిన్నది. తబితాను శ్రీసభ పునీతగా స్మరిస్తుంది. అసలు 1983నాటి శ్రీసభ చట్టం కోరేది, పెట్టే పేరు క్రైస్తవ భావానికి విరుద్ధంగా ఉండకూడదని మాత్రమే. కాబట్టి ఆ తండ్రికి దిగులు అక్కరలేదు.

మూడవ ప్రశ్న దగ్గర కాస్త ఆగాలి. "దీనికి అర్థమేంది?" అని అడిగినప్పుడు అతడు కోరింది నిఘంటువు చెప్పే అర్థం కాదు. ఈ పేరు నా బిడ్డకు మేలు చేస్తుందా అని. మనలో చాలామంది నమ్మకం అదే. మంచి పేరు పెడితే మంచి నడత వస్తుందని, లక్ష్మి అంటే సంపద, జయ అంటే గెలుపు కలిసివస్తాయని ఆశపడతాం. అక్షరాలు కూడి, తీసివేసి పేరును మార్పించే సంఖ్యాశాస్త్రజ్ఞులకు నగరంలో కొదువలేదు.

ఇది పాత వాదమే. గ్రీకు తత్వవేత్త ప్లేటో రచించిన 'క్రటిలస్' అనే సంభాషణలో దీనినే చర్చించాడు. పేరుకూ వస్తువుకూ సంబంధం ప్రకృతిసిద్ధమైనదని ఒకరు, కాదు, మనుషులు పెట్టుకున్న ఒప్పందమేనని మరొకరు వాదిస్తారు. ఆ రెండవవాని పేరు హెర్మోజెనీస్, అంటే లాభాలిచ్చే హెర్మిస్ దేవుని సంతతి. కానీ అతని చేతిలో డబ్బు నిలవదు. అందుకని "అది నీ పేరే కాదు పో" అని అతనిని ఎగతాళి చేస్తారు. మన ఊళ్ళలో కోటేశ్వరరావు అప్పులు చేస్తే నవ్వినట్టే!

దొర్కా పేరునే తీసుకుని పరీక్షించి చూడండి. రోము నగరంలో దొరికిన ఒక సమాధి శాసనంలో ఈ పేరు ఉంది. ఆమె అగస్తుస్ చక్రవర్తి భార్య లివియాకు తలదువ్వి అలంకరించిన దాసి. కాప్రి దీవిలో దాసిగానే పుట్టి, తరువాత విముక్తి పొందింది. ముద్దుగా లేడి అని పిలుపు, బ్రతుకేమో ఇంకొకరి సొత్తు. పేరు ఎంత అందమైనదైనా ఆమె మెడలోని కాడిని తీయలేదు.

ఇంకొక సంగతి వినండి. యూదుల చరిత్రకారుడు యోసేపస్ యెరూషలేము పతనానికి ముందు రోజుల గురించి వ్రాస్తూ, యోహాను అనే ఒక కిరాతకుని పేర్కొన్నాడు. చెరసాలలో ఉన్న పెద్దమనుషులను గొంతుకోసి చంపడానికి వెళ్ళినవాడు. వాడిని అక్కడి భాషలో దొర్కా కొడుకు అని పిలిచేవారట. యొప్పేలో విధవలకు బట్టలు కుట్టిన తల్లి, యెరూషలేములో హంతకుని కన్న తల్లి, ఇద్దరి పేరూ ఒక్కటే. తబితా బ్రతికిన కాలానికి ఇది ఏ ముప్ఫై ఏళ్ళ తరువాతో జరిగిన ముచ్చట. పేరులోనే గుణం ఉంటే ఇది ఎలా సాధ్యం?

మరి యొప్పే దొర్కా పేరుకు రెండువేల ఏళ్ళుగా నిలిచే అర్థం ఎక్కడినుంచి వచ్చింది? ఆమె చనిపోయినప్పుడు జరిగినది గుర్తు చేసుకోండి. దగ్గరలోని లుద్దలో ఉన్న పేతురుగారికోసం ఇద్దరు మనుషులను పంపారు. ఆయన వచ్చి మేడగదిలోకి వెళ్ళేసరికి విధవలు ఏడుస్తూ చుట్టూ నిలబడ్డారు. ఆమె కుట్టి ఇచ్చిన అంగీలను, వస్త్రాలను ఆయనకు చూపించారు. గ్రీకు మూలంలోని క్రియారూపాన్ని బట్టి, ఆ బట్టలను వాళ్ళు ఒంటిమీదనే వేసుకుని చూపించి ఉంటారని వ్యాఖ్యాతలు చెబుతారు. అవును, విధవరాలికి పెట్టెలో దాచుకునే రెండో జత ఎక్కడుంటుంది?

ఆ విధవల్లో ఒక్కరి పేరూ లూకా వ్రాయలేదు. ఊరూ పేరూ లేనివాళ్ళు. కాని దొర్కా అనే పేరుకు అర్థం చెప్పింది వాళ్ళే. "లేడి" అని చెప్పలేదు. "ఇదిగో, ఈ కుట్టు చూడండి" అన్నట్టు చూపించారు. తల్లిదండ్రులు మనకు పేరు పెడతారు. దాని అర్థాన్ని మాత్రం మన చేతి మేలు పొందినవాళ్ళు, లేదా మనవల్ల ఏడ్చినవాళ్ళు వ్రాస్తారు. కొత్త నిబంధనలో 'శిష్యురాలు' అనే గ్రీకు పదం ఒకే ఒక్కసారి వస్తుంది. అది ఈమెకే. ఆమె ఊరూరా బోధించిందని లూకా చెప్పలేదు. సూది పట్టిన చేతులనే మనకు చూపించాడు.

ఇక నాలుగవ ప్రశ్న: పిల్లలు నవ్వరా? ఈ మాట అడిగాక ఆ తండ్రి గొంతు తగ్గించి అసలు బాధ బయటపెట్టాడు. "పేరు సంగతి అట్లుంచుండ్రి సార్. ఊరు సంగతేంది? ధూల్‌పేట్ అని చెప్తే చాలు, మనిషిని ఎగాదిగా చూస్తరు. నేను చుక్క ముట్టనోణ్ణి. అయినా అడ్రసు చెప్పేతందుకు భయమైతది" అన్నాడు.

మీరు కూడా ఆ పేరు వినగానే ఏమనుకున్నారో ఒక్క క్షణం నిజాయితీగా ఆలోచించండి. ఉర్దూలో ధూల్ అంటే దుమ్ము. ఆ పేట మీద ఏళ్ళ తరబడి దుమ్మెత్తి పోయడం మనకు అలవాటయింది. గుడుంబా అక్కడ చాలా ఇళ్ళకు కూడు పెట్టిన మాట, చాలా ఇళ్ళను కూల్చిన మాట నిజమే. 2016 ప్రాంతంలో ప్రభుత్వం గట్టిగా పూనుకుని ఆ బట్టీలను ఆర్పించింది, వేరే ఉపాధి చూపిస్తామంది. 2024లో గంజాయి మీద ఎక్సైజు శాఖ దాడులు చేసినప్పుడు ఆ కార్యక్రమానికి 'ఆపరేషన్ ధూల్‌పేట్' అనే పేరు పెట్టింది. దాడులు కావలసినవే కావచ్చు. కాని పేట పేరే నేరం పేరుగా మారితే, అక్కడ పుట్టిన పసిబిడ్డ ఏం చేయాలి?

అదే ధూల్‌పేట్‌లో వినాయక చవితికి నెలల ముందునుంచే విగ్రహాలు తయారవుతాయి. నగరం నలుమూలలా, బయటి జిల్లాల్లో కూడా మండపాలకు చేరేవి ఆ చేతుల పనే. సంక్రాంతికి ఎగిరే గాలిపటాలు, రాఖీ పున్నమికి చెల్లెళ్ళు కట్టే రాఖీలు అక్కడి ఆడవాళ్ళ, పిల్లల వేళ్ళమీదుగా వస్తాయి. నిజాముల కాలంలో ఉత్తరాదినుంచి వచ్చి స్థిరపడిన లోధ్ కుటుంబాలు ఇప్పటికీ ఇంట్లో హిందీ మాట్లాడుకుంటాయి. వాళ్ళ పక్కనే తెలుగువాళ్ళు, ముస్లింలు, మనవాళ్ళూ అద్దెకుంటున్నారు. ఆ పనితనాన్ని ఇంటికి తెచ్చుకుంటాం, ఆ పేరును మాత్రం గుమ్మం బయటే ఆపుతాం. ఇది న్యాయమా?

దొర్కా కథ ముగిసిన వెంటనే వచ్చే వాక్యాన్ని మనం తరచు దాటిపోతాం. పేతురుగారు యొప్పేలో చాలా రోజులు ఉండిపోయారు. ఎవరి ఇంట్లో? తోళ్ళు పదును చేసే సీమోను ఇంట్లో. చచ్చిన పశువుల తోళ్ళతో పని, దుర్వాసన. ఆ వృత్తిని యూదులు నీచంగా చూసేవారు. దొర్కాను లేపిన పెద్దమనిషికి ఊరిలో ఎవరైనా పెద్ద ఇల్లు ఇచ్చేవారే. ఆయన మాత్రం ఆ ఇంట్లో బసచేశారు. దేవుడు శుద్ధిచేసిన దానిని నీవు అపవిత్రమని అనరాదని ఆయనకు దర్శనంలో వినబడింది కూడా ఆ ఇంటి మిద్దెమీదనే. మంచి పేరున్న దొర్కా ఇంటినుంచి చెడ్డ పేరున్న సీమోను ఇంటికి ఆయన నడిచి వెళ్ళారు. రెండు పేర్లనూ దాటి మనుషులను చూశారు.

"పేరు గొప్ప, ఊరు దిబ్బ" అని మన సామెత. ఎగతాళికి పుట్టిన ఈ మాటను ఒక తల్లి ఒడిలోని బిడ్డ ముందు నిలబెడితే ఎంత క్రూరంగా ఉంటుందో ఆరోజు నాకు తెలిసింది. ఆ పాప రేపు బడి దరఖాస్తులో రెండు మాటలు వ్రాస్తుంది. ఒకటి ఎవరికీ తెలియని పేరు. రెండవది అందరూ తమకు తెలుసుననుకునే ఊరు. మొదటిదానికి అర్థం ఆమె తన చేతులతో నింపుకోవాలి. రెండవదానిలో మనం నింపిన అర్థాన్ని తీసివేయవలసినది మనమే. దరఖాస్తు చూసే టీచరు, ఉద్యోగమిచ్చే యజమాని, సంబంధం చూసే పెద్దలు, అందరమూ మనమే కదా.

తల్లిదండ్రులకు ఒక మాట. మంచి అర్థమున్న పేరు వెదకండి, తప్పులేదు. కాని ఆ అర్థాన్ని బిడ్డ నెత్తిన మూటగా పెట్టకండి. ఆ పేరుకు మీ ఇంట్లో ఒక పని చూపించండి. ఆ కుట్టుమిషను పక్కన పెరిగే పాప, ఇరుగింటి ముసలమ్మ చిరిగిన జాకెట్టుకు తన తల్లి పైసా తీసుకోకుండా కుట్టువేయడం చూస్తే చాలు. దొర్కా అంటే ఏమిటో ఆమెకు ఎవరూ చెప్పనక్కరలేదు.

రెండు వారాల తరువాత జ్ఞానస్నానం జరిగింది. ఈ బిడ్డకు ఏ పేరు పెడుతున్నారని గురువు అడిగారు. ఆ సంస్కారంలో మొట్టమొదటి ప్రశ్న అదే. తల్లి గట్టిగానే చెప్పింది. తరువాత రిజిస్టరులో వ్రాసుకుంటూ చిరునామా అడిగినప్పుడు తండ్రి ఒక్క క్షణం తటపటాయించాడు. వెనుకనుంచి అవ్వ అందుకుంది: "ధూల్‌పేట్ అని రాయుండ్రి నాయనా. మా పిల్ల ఆడనే దొర్కింది."