దయకి ఎన్ని సున్నాలు కావాలి?

కెన్యా దేశపు రాజధాని నైరోబీ. ఆ నగరం నడిబొడ్డుకి నైరుతిగా ఓ 5 కిలోమీటర్ల దూరంలో కిబెరా అని ఒక పేట ఉంది. మట్టిగోడలు, తుప్పుపట్టిన రేకుల కప్పులు, ఒకదాన్నొకటి ఒరుసుకునే ఇళ్ళు, మధ్యలోంచి రైలుపట్టాలు. ఏళ్ళ తరబడి దాన్ని గురించి ఎవరు రాసినా ఒకటే మాట: "పది లక్షల మంది! ఆఫ్రికాలోకెల్లా పెద్ద మురికివాడ!"

తీరా 2009లో ప్రభుత్వం జనాభా లెక్కలు తీస్తే అక్కడ తేలినవాళ్ళు 1,70,070 మంది. విడిగా లెక్కవేసినవాళ్ళు ఇంకొంచెం ఎక్కువే చెప్పారుగాని, పది లక్షల దరిదాపులకి రాలేదు.

ఈ సంగతి చెప్తే మా పక్కింటి పిన్నిగారు, "ఓస్! అంతేనా!" అన్నారు. ఆవిడ మనసు చెడ్డది కాదు. గుమ్మంలో ఎవరు నిలబడ్డా ఉత్తచేతుల్తో పంపరు. అయినా ఆ మాట అన్నారు. అప్పట్నించీ నాకొకటే ఆలోచన. దయ అనేది సున్నాల్నిబట్టి పెరిగి తరిగేదేనా?

కిబెరాలోని ఇల్లాలి సంగతి చూడండి. చాలామంది అద్దెకున్నవాళ్ళే. 12 అడుగుల పొడవూ, అంతే వెడల్పూ ఉన్న గదిలోనే వంటా, పడకా, పిల్లల చదువూ. ఇంట్లో కుళాయి లేదు. 20 లీటర్ల డబ్బాతో నీళ్ళు కొని మోసుకురావాలి. ఆ నీళ్ళ ఖరీదు, కుళాయి ఉన్న ఇళ్ళవాళ్ళు కట్టేదానికంటే తరచూ ఎక్కువే. ఇదేం మనకి తెలియని లెక్క కాదు. నెలసరుకు ఒక్కసారే తెచ్చుకునేవాళ్ళకి చవగ్గా పడుతుంది, ఏ పూటకాపూట పొట్లం కట్టించుకునేవాళ్ళకి ప్రియంగా పడుతుంది. లేనితనం చాలా ఖరీదైంది సుమా! చుట్టూ పది లక్షలమంది ఉన్నా, లక్షమందే ఉన్నా, ఆవిడ డబ్బా బరువు ఒక్క చుక్కయినా తగ్గదు కదా!

"పోనీ, నలుగురూ సాయం చేస్తారని కాస్త పెంచి చెప్తే తప్పేమిటి?" అంటారేమో. నిజమే, మంచి ఉద్దేశమే. కానీ మీరెప్పుడైనా, "నాకు ముగ్గురో నలుగురో పిల్లలు" అనే తల్లిని చూశారా? మనవాళ్ళనుకున్నవాళ్ళని లెక్కపెడతాం. కానివాళ్ళనే ఉజ్జాయింపుగా చెప్తాం. అంటే సరిగ్గా లెక్కపెట్టడం కూడా ఒక మర్యాదే!

ఆ మర్యాద కిబెరాకి చాలాకాలం దక్కలేదు. బ్రిటిష్ సైన్యంలో పనిచేసిన సూడాన్ సిపాయిలకి 20వ శతాబ్దం మొదట్లో అక్కడ చోటిచ్చారు. వాళ్ళ నూబియన్ భాషలో కిబ్రా అంటే అడవి. ఆ వంశాలవాళ్ళకి 288 ఎకరాల పట్టా చేతికందింది 2017లో! 2009లో అక్కడి కుర్రకారు తమ పేట పటం తామే గీసుకున్నారు. నీళ్ళు దొరికే చోటు, బడి, ఆసుపత్రి, మరుగుదొడ్డి, అన్నీ గుర్తులు పెట్టారు. "మేం ఇంతమందిమీ, ఇక్కడిక్కడ ఉన్నాం" అని చెప్పుకోవడం ఎంత ఆత్మగౌరవమో!

నాకింకొకటి కూడా అనిపిస్తుంది. పది లక్షలంటే, "అయ్యో, మనవల్ల ఏమవుతుంది!" అని కన్నీళ్ళు పెట్టుకుని ఊరుకోవచ్చు. లక్షా డెబ్భై వేలంటే అలా కుదరదు. ఎన్ని కుళాయిలు కావాలి, ఎన్ని బడులు చాలుతాయి అని కాగితం, కలం తీసుకుని కూర్చోవాలి. పెద్ద అంకె మనని ఏడిపించి వదిలేస్తుంది. సరైన అంకె పనిలో పెడుతుంది.

పిన్నిగారు, "ఓస్! అంతేనా!" అన్నారు చూశారూ, ఆ మాటే ఇంకో గొంతుతో అనొచ్చు. "అంతేనా? అయితే చెయ్యొచ్చే!" అని. ఏమంటారు?