రంగు మారితే కుండ అదేనా?

ద్రవ్యాన్ని ఆశ్రయించి ఉండేదే గుణమనీ, ఆశ్రయం లేని గుణానికి నిలకడ లేదనీ న్యాయవైశేషిక దర్శనాలు చెబుతాయి. అవి లెక్కించిన 24 గుణాలలో మొదటిది రూపం, అంటే ఒక్క కంటికి మాత్రమే అందే రంగు. అమెరికాలోని కామిక్ పుస్తకాల పరిశ్రమ ఈ శాస్త్రాన్ని ఎరగకుండానే తన పనివారి మధ్య చాలాకాలం ఇదే తారతమ్యాన్ని పాటించింది: గీత గీసినవాడు ద్రవ్యాన్ని సృష్టించినవాడు, రంగు వేసినవారు దానికొక గుణాన్ని చేర్చినవారు. 1950ల తొలినాళ్లలో ఈసీ కామిక్స్ పుస్తకాల పుటల మీద చిత్రకారుల సంతకాలు కనిపిస్తాయి గాని, వాటికి రంగులు కూర్చిన మేరీ సెవెరిన్ పేరుకు ఆ చోటు దక్కలేదు. ఈ రంగంలో పేరెన్నికగన్న ఐస్నర్ పురస్కారాలలో రంగుల పనికంటూ ఒక విభాగం 1992లో గాని రాలేదు.

గుణం ద్రవ్యం మీద ఆధారపడుతుందన్న మాట నిజమే అయినా, ఆ దర్శనాలే చెప్పిన రెండో మాట పరిశ్రమ చెవికి ఎక్కలేదు. ఉద్భూతరూపం, అంటే కంటికి తెలిసేంతగా ప్రకటమైన రంగు, లేని ద్రవ్యం చూపుకు అందదు. వాయువు ఉండీ కనబడకపోవడానికి వారు చెప్పిన కారణం అదే. దీని నుంచే చిత్రరూప వాదం పుట్టింది. ఆంధ్రుడైన అన్నంభట్టు 17వ శతాబ్దంలో రచించిన తర్కసంగ్రహం తెలుపు, నలుపు, పసుపు, ఎరుపు, ఆకుపచ్చ, కపిలవర్ణాలతో పాటు ‘చిత్రం’ అనే ఏడో రంగును కూడా లెక్కిస్తుంది. పలురంగుల దారాలతో నేసిన వస్త్రంలో ఏ ఒక్క దారపు రంగూ వస్త్రమంతటా వ్యాపించదు. రంగు తన ఆశ్రయమంతటా వ్యాపించి తీరాలన్నది సిద్ధాంతం. అలాగని వస్త్రానికి రంగే లేదంటే అది కనబడకూడదు. కాబట్టి అవయవాలైన దారాల రంగులకు భిన్నంగా, మొత్తం వస్త్రానికి చెందిన రంగు ఒకటి ఉందని ఒప్పుకోవలసి వచ్చింది. నవ్యనైయాయికుల్లో కొందరు దీన్ని నిరాకరించారు.

వార్తాపత్రికల కాగితం మీద అచ్చైన పాత కామిక్ పుటను భూతద్దంతో చూస్తే ఈ వివాదం కళ్లెదుటే ఉంటుంది. గోధుమరంగు కోటు ఉన్నచోట గోధుమరంగు సిరా ఎక్కడా ఉండదు. పసుపు, ఎరుపు, నీలి చుక్కలే ఉంటాయి. ఈ మూడు సిరాలలో ఒక్కొక్కటి అసలు లేకపోవడమో, 25, 50, 100 శాతాల్లో ఏదో ఒక పాళ్లలో ఉండడమో తప్ప వేరే దారి లేదు గనుక రంగులు వేసేవారి చేతిలో దశాబ్దాల పాటు ఉన్నవి మొత్తం 64 వర్ణాలే. చిత్రం నకలు మీద వారు ద్రవరంగులతో నమూనా వేసి, ప్రతి గడి పక్కనా వై2, ఆర్3 వంటి గుర్తులు రాసి పంపేవారు. వై2 అంటే పసుపు 25 శాతం, ఆర్3 అంటే ఎరుపు 50 శాతం. అచ్చు పలకల కోసం ఒక్కో సిరాకు విడివిడిగా ఫిల్ములు సిద్ధం చేసే పని మరొకచోట, ఎక్కువగా స్త్రీల చేతుల మీదుగా సాగేది. వారి పేర్లు సాధారణంగా పుస్తకాల్లో అచ్చయ్యేవి కావు. రంగుకు కర్త ఎవరని అడిగేటప్పుడు వారిని లెక్కలోకి తీసుకోకపోవడం అన్యాయమే.

ఇంత ఇరుకులోనూ మంచి పనివారు గడిని గడిగా కాక, పుటను ఒకే వస్త్రంగా చూశారు. భయానక దృశ్యమున్న గడిని సెవెరిన్ ఒకే ముదురు నీలంతో ముంచేసేదని ప్రసిద్ధి. ఆ నీలం పక్క గడుల బరువును సైతం మార్చేస్తుంది గనుక అది ఒక గడికి చెందిన గుణం కాదు, పుట మొత్తానికి చెందినది. ఈ ఒక్క కళ విషయంలోనైనా చిత్రరూప వాదులదే పైచేయి అనక తప్పదు.

అసలు చిక్కు ఆ రంగే మారినప్పుడు వస్తుంది. అలన్ మూర్ రచించి, బ్రయన్ బోలండ్ గీసిన ‘బ్యాట్‌మన్: ది కిల్లింగ్ జోక్’ 1988లో జాన్ హిగ్గిన్స్ రంగులతో వెలువడింది. ‘వాచ్‌మెన్’కు రంగులు వేసింది కూడా హిగ్గిన్సే. 2008లో వచ్చిన కొత్త ముద్రణకు బోలండ్ తానే మళ్లీ రంగులు వేశాడు: హిగ్గిన్స్ తీవ్రవర్ణాల స్థానంలో చల్లని, అణగిన ఛాయలు వచ్చాయి, గతాన్ని చెప్పే ఘట్టాలు దాదాపు నలుపు తెలుపులుగా మారి, వాటిలో కొన్ని వస్తువులకు మాత్రమే ఎరుపు మిగిలింది, బ్యాట్‌మన్ ఛాతీ మీది పసుపు వలయం మాయమైంది.

ఇది అదే పుస్తకమా? ఆవంలో కాలిన కుండ గురించి శాస్త్రకారులు వాదించుకున్నది సరిగ్గా ఇదే. వైశేషికుల పీలుపాకవాదం ప్రకారం వేడికి పచ్చికుండ పరమాణువులుగా విడిపోయి, ఆ పరమాణువులలో రంగు మారి, అవి తిరిగి కలిసి కొత్త కుండ పుడుతుంది. నైయాయికుల పిఠరపాకవాదం ప్రకారం కుండ విడిపోదు, ఉన్న కుండకే రంగు మారుతుంది. ‘ఇది ఆ కుండే’ అని గుర్తుపట్టగలగడమే అందుకు సాక్ష్యం. బోలండ్ గీతలు దాదాపు యథాతథంగా ఉన్నాయి గనుక చూడగానే నైయాయికులదే గెలుపనిపిస్తుంది. అయితే ఈ కథలో బ్యాట్‌మన్ శత్రువైన జోకర్ తన గతం తనకు ఒక్కోసారి ఒక్కోలా గుర్తుకొస్తుందని ఒప్పుకుంటాడు. హిగ్గిన్స్ పుటల్లో గతానికీ వర్తమానానికీ రెండింటికీ రంగులున్నందువల్ల ఆ జ్ఞాపకం కూడా అతని ఉన్మాదంలో భాగంగానే సాగుతుంది. బోలండ్ నలుపు తెలుపుల్లో అదే జ్ఞాపకం పాత ఛాయాచిత్రంలా ప్రమాణస్థాయిని పొందుతుంది, చెదురుమదురు ఎరుపులు ఆ గతంలో జోకర్ ధరించబోయే ఎర్ర శిరస్త్రాణం కోసం పాఠకుడి కంటిని సిద్ధం చేస్తాయి. ఒకే గీత ఒకచోట సందేహాన్నీ మరొకచోట నమ్మకాన్నీ పుట్టిస్తున్నదంటే పుట్టింది రెండో కుండే. ఇక్కడ పీలుపాకమే సత్యానికి దగ్గర.

అయినా ఆ పోలిక ఒకచోట ఆగిపోతుంది. పాకంలో పూర్వరూపం, అంటే పచ్చికుండ రంగు, నశిస్తుందని ఇరుపక్షాలూ ఒప్పుకున్నాయి. అచ్చులో ఏదీ అలా నశించదు; 1988 నాటి ప్రతులు పాఠకుల ఇళ్లలో ఇప్పటికీ ఉన్నాయి. ఒకదాన్ని అసలుదిగా, మరొకదాన్ని తప్పిపోయిన ప్రయత్నంగా నిలబెట్టేది ప్రచురణకర్తల నిర్ణయమే గాని రంగుల స్వభావం కాదు. తన గీతకు తన రంగు వేసుకునే హక్కు బోలండ్‌కు నిస్సందేహంగా ఉంది. ఆ హక్కు హిగ్గిన్స్ కృతిని చిత్తుప్రతిగా మార్చలేదు గనుక, రెండూ ఎవరి పేరుతో వారివిగా పాఠకులకు దొరుకుతూ ఉండాలి.