పేరులోని రెండవ సగము

పదునేడవ శతాబ్దములో సూరతు రేవున దిగిన ఫ్రెంచి వర్తకులలో మిక్కిలి పేరుపడినవాడు ఝాఁ-బాతీస్త్ తవెర్నియే. 1605లో పారిసు నగరమున జన్మించి, 1631 మొదలు 1668 వరకు ఆరు మారులు తూర్పు దేశములకు ప్రయాణము చేసిన ఈ రత్నవర్తకునికి సూరతు మన దేశపు వాకిలి. ఆ వాకిలి దాటి అతడు గోలకొండకును, కృష్ణాతీరమున ఉన్న కొల్లూరు వజ్రపు గనులకును వచ్చెను. మన చరిత్రకారులు అతని యాత్రాగ్రంథమును వజ్రముల కొరకు చదువుదురు. నేను ఆ గ్రంథపు ముఖపత్రము మీదనే కొంతసేపు ఆగవలెనని కోరుచున్నాను. 1676లో అచ్చయిన ఆ పత్రము మీద ఉన్న పేరు, సంస్కరణ సంఘపు విశ్వాసియైన తవెర్నియేకు ఆ సంఘపు నియమము ప్రకారము ఉండకూడని పేరు.

మొదట ఆ పేరునకు అర్థము చూతము. ఝాఁ అనునది మనము యోహాను అని పిలుచు పేరే. హెబ్రీ భాషలో దాని మూలము యోహానాను. యిర్మీయా గ్రంథములో కారేహ కుమారునికి ఉన్న పేరు అదియే. యెహోవా కృప చూపెను అని దాని భావము. హెబ్రీనుండి గ్రీకునకు, గ్రీకునుండి లాటినునకు, లాటినునుండి ఫ్రెంచికి నడచివచ్చుటలో ఆ మాట అరిగి అరిగి ఒక్క అక్షరమై, ఒక్క ముక్కుపలుకై మిగిలినది. బాతీస్త్ అనగా బాప్తిస్మమిచ్చువాడు. ఫ్రెంచివారు దానిని వ్రాయునప్పుడు ‘ప’ను ఉంచుదురు గాని పలుకునప్పుడు విడిచిపెట్టుదురు. (సూరతువారి వస్త్రవ్యాపారములో బాటిస్టు అను సన్నని గుడ్డ పేరు విన్నవారుందురు. బాతీస్త్ అను నేతగాని పేరు దానికి వచ్చినదని కథ కలదు; భాషాశాస్త్రజ్ఞులు మాత్రము ఆ కథను అంతగా నమ్మరు.) ఈ రెండు మాటల నడుమ చిన్న గీత గీయుదురు. దానిని వారు ఐక్యరేఖ అను అర్థమిచ్చు మాటతో పిలుతురు.

రెండు మాటలు ఎందుకు కలిసెను? క్రొత్త నిబంధనలో యోహానులు ఇద్దరు ప్రసిద్ధులు. ఒకడు సువార్తికుడు, ఒకడు యొర్దానులో బాప్తిస్మమిచ్చినవాడు. వారిని వేరుపరచుటకు రెండవ మాట పనికివచ్చినది. ఇంటిలోను అది పనికివచ్చినది. 1622లో ఝాఁ అను ఒక్క పేరుతో బాప్తిస్మము పొందిన పోక్లేఁ వారి బిడ్డకు, తరువాత పుట్టిన తమ్మునికి కూడ అదే పేరు పెట్టుటచేత, బాతీస్త్ అను తోక చేరెను. ఆ బిడ్డయే మోలియేరు అను నాటకకర్త. 1664లో తూర్పు ఇండియా కంపెనీని స్థాపించి, 1668లో సూరతునందు ఫ్రెంచివారి మొదటి కోఠీ వెలయుటకు కారకుడైన మంత్రి కొల్బేరు పేరు కూడ ఝాఁ-బాతీస్తే.

అనువాదకునికి ఇచ్చట ఒక సూక్ష్మము కనబడును. మార్కు తన సువార్తలో ఈ ప్రవక్తను రెండు విధములుగా పేర్కొనెను. కొన్ని చోట్ల బాప్తిస్మమిచ్చుచున్నవాడు అను క్రియారూపమును వాడెను. కొన్ని చోట్ల బాప్తిస్తేసు అను నామవాచకమును, అనగా ఒక బిరుదమును వాడెను. ఆరవ అధ్యాయములో ఈ రెండు రూపములు పక్కపక్క వచనములలోనే ఉన్నవి. హేరోదియ క్రియారూపముతో చెప్పెను. ఆమె కుమార్తె రాజునొద్దకు పోయి బిరుదముతో అడిగెను. చేతి పని ఉపాధియై గట్టిపడుట అచ్చటనే కనబడుచున్నది. ఫ్రెంచివారు ఆ బిరుదమును మరింత గట్టిపరచి పసిబిడ్డ పేరుగా చేసిరి. మన తెలుగు బైబిలు అనువాదకులు ఆ రెండు రూపములను ‘బాప్తిస్మమిచ్చు యోహాను’ అను ఒక్క మాటతోనే చెప్పిరి. కతోలిక సోదరులు వాడు ‘స్నాపక యోహాను’ అను మాట శాస్త్రీయముగా చక్కనిదే. అయినను నా చెవికి ‘ఇచ్చు’ అను ఆ క్రియ ఇంపుగా నుండును. అందులో ఆ మనుష్యుని చేయి ఇంకను నీటిలోనే ఉన్నది. నాలుగవ సువార్త అతనికి బిరుదమే ఇయ్యదు. కేవలము యోహాను అని పిలుచును.

ఇప్పుడు నిషేధమునకు వత్తము. 1546లో జెనీవా నగరములో బిడ్డలకు పెట్టకూడని పేర్లనుగూర్చి ఒక శాసనము పుట్టెను. ఆ యేడే ఒక క్షురకుడు తన బిడ్డకు క్లోదు అని పేరు పెట్టుమని కోరగా, బోధకుడు అది స్థానిక పుణ్యక్షేత్రపు పరిశుద్ధుని పేరని నిరాకరించి, తండ్రిని అడుగకయే అబ్రాహాము అని పెట్టెను. తండ్రి బిడ్డను లాగుకొనెను. ఆరాధనలో గలిబిలి పుట్టెను. అటుపిమ్మట వచ్చిన శాసనము క్లోదును, ముగ్గురు జ్ఞానుల పేర్లను, పండుగల పేర్లను, దేవునికి మాత్రమే తగిన ఇమ్మానుయేలు వంటి పేర్లను నిషేధించినది. బాతీస్త్ వంటి ఉద్యోగనామములను, అనగా దేవుడు ఒకానొకనికి అప్పగించిన పనిని తెలుపు పేర్లను, కూడ అది నిషేధించినది. ఫ్రాన్సులోని సంస్కరణ సంఘముల క్రమశిక్షణ గ్రంథము ఇమ్మానుయేలును, బాతీస్త్‌ను పేరుపేరున ఎత్తి, వీటిని పెట్టవద్దని తన బోధకులకు ఆజ్ఞాపించెను. నియమము అట్లుండగా పారిసులోని ఒక ప్రొటెస్టంటు ఇంటి కుమారుడు ఆ పేరే ధరించి లోకమంతయు తిరిగెను.

ఇమ్మానుయేలులతో నిండిన మన తెలుగు సంఘములలో ఈ పట్టికను చదివినవాడు నవ్వకుండ ఉండలేడు. యేసుదాసు, ప్రభుదాసు, సువార్తమ్మ అను మన పేర్లు ఆ పెద్దల యెదుట నిలుచునా? దాసుడనునది ఉద్యోగమే గదా! నవ్వి ఊరకుండుట మాత్రము న్యాయము కాదు. ఆ పెద్దల భయములో ఒక సత్యము కలదు. కృప పుట్టుకకు ముందే రావచ్చును. పని అట్లు రాదు. బిడ్డను తొట్టిలో ఉండగానే ప్రవక్త అని పిలుచుట, పండని పొలమునకు శిస్తు కట్టించుట వంటిది.

లూకా మొదటి అధ్యాయమును ఈ దృష్టితో మరల చదువుడి. బంధువులందరు ఆ బిడ్డకు తండ్రి పేరే పెట్టబోయిరి. మీ వంశములో ఈ పేరుగలవారు లేరే అని తల్లితో వాదించిరి. మూగయైన జెకర్యా పలక తెప్పించుకొని యోహాను అని వ్రాసెను. వారసత్వము ఒక పేరు చెప్పుచుండగా కృప మరియొక పేరు వ్రాసినది. దూత ఆ బిడ్డ చేయబోవు పనిని కూడ తండ్రికి ముందే తెలిపెను. కాని ఆ పనిని పేరుగా పెట్టుమని చెప్పలేదు. ‘బాప్తిస్మమిచ్చు’ అను మాటను అతనికి ఎవరు చేర్చిరి? యొర్దాను ఒడ్డున నిలిచి చూచినవారు చేర్చిరి. మొదటి సగము పరలోకమునుండి జననమునకు ముందు వచ్చినది. రెండవ సగము ముప్పది యేండ్ల పిమ్మట చూచినవారి నోట వచ్చినది. మన పల్లెలలో ఇంటింటికి తిరిగి వాక్యము చెప్పిన వృద్ధురాలిని, ఆమె అసలు పేరు మరచి, ‘బైబిలమ్మా’ అని అన్యులు సహితము పిలుచుట ఇట్టిదే. ఆ పేరును ఆమెకు ఏ బోధకుడును పెట్టలేదు.

ఈ కొలతతో తవెర్నియేను చూచిన ఏమగును? కొల్లూరు గనులలో అరువదివేల మంది స్త్రీలు, పురుషులు, పిల్లలు పనిచేయుచుండిరని అతడే వ్రాసెను. వారిలో అధికులు మన తెలుగువారై ఉందురు. మగవారు త్రవ్వగా, ఆడువారును పిల్లలును మన్ను మోసిరి. అతడు వజ్రముల బరువును, కోతను, కాంతిని, వెలను ఎంతో శ్రద్ధగా వర్ణించెను. అతడు పదునాలుగవ లూయీ రాజునకు అమ్మిన నీలివజ్రపు చరిత్రను నేటికిని లోకము చెప్పుకొనుచున్నది. ఆ అరువదివేల మందిలో ఒక్క కూలివాని పేరు మనకు దక్కలేదు. కొల్లూరు ఇప్పుడు పులిచింతల జలాశయపు నీటిక్రింద ఉన్నది. రెండు అంగీలు గలవాడు ఏమియు లేనివానికి ఒకటి ఇయ్యవలెనని, మీకు నిర్ణయింపబడిన దానికంటె ఎక్కువ తీసికొనవద్దని బోధించిన ప్రవక్త పేరును మోసికొని వచ్చిన వర్తకుని, ఆ మన్ను మోసిన స్త్రీలు తమలో తాము ఏమని పిలిచియుందురు? అతడు ఇతరులకంటె చెడ్డవాడని నేను అనను. నిష్పక్షపాతముగా చూచిన పరిశీలకుడని పేరుపొందెను. అయితే అతనికి రెండవ సగమును ఇయ్యగల సాక్షులు ఆ గనులలో ఉండిరి. వారిని అడిగినవారు లేరు.

తవెర్నియే వార్ధక్యములోనే అతని స్వదేశములో పేర్లకు మరియొక కష్టకాలము వచ్చెను. 1598లో ప్రొటెస్టంటులకు రక్షణనిచ్చిన నాంతు శాసనమును 1685లో రాజు రద్దుచేసెను. బోధకులు దేశమును విడువవలసి వచ్చెను. బిడ్డలకు కతోలిక గురువుచేతనే బాప్తిస్మమిప్పింపవలెనని ఆజ్ఞ పుట్టెను. ఆ గురువు రిజిస్టరులో ఎక్కని బిడ్డ చట్టము దృష్టిలో న్యాయమైన సంతానము కాదు. ఆస్తికి వారసుడు కాడు. అందుచేత అనేక కుటుంబములు పగలు ఆ రిజిస్టరులో బిడ్డను వ్రాయించి, అడవులలోను కొండలలోను కూడుకొను రహస్య సంఘములో ప్రార్థించిరి. 1787లో మరియొక రాజశాసనము వారి జననములను వివాహములను చట్టప్రకారము నమోదుచేయుటకు త్రోవ తెరచువరకు, నూరేండ్లకు పైగా, ఇది సాగెను.

ఈ చరిత్ర మనకు పరాయిది కాదు. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు షెడ్యూల్డు కులముల హోదాను హిందువులకు మాత్రమే పరిమితము చేసెను. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చిరి. క్రైస్తవులు బయటనే ఉన్నారు. ఆంధ్ర, తెలంగాణ రాష్ట్రములలో వారికి వెనుకబడిన తరగతులలో ‘సి’ వర్గము కలదు గాని, అది ఆ హోదాతో సమానము కాదు. కావున మన యిండ్లలో ఎందరికో బడి రిజిస్టరులో ఒక పేరు, సంఘపు రిజిస్టరులో మరియొక పేరు. ఫ్రెంచివారి పేరులో ఐక్యరేఖ ఉన్న చోట మన పేరులో గోడ ఉన్నది. వలసపోయినవారికి చిక్కు మరింత ఎక్కువ. కరీంనగరు, వరంగల్లు, నల్లగొండ ప్రాంతములనుండి మరమగ్గముల పనికై సూరతు చేరిన తెలుగు కుటుంబములు అనేకము. మనకు ఇంటిపేరు ముందు వచ్చును. గుజరాతు పద్ధతిలో తన పేరు ప్రక్కన తండ్రి పేరు తప్పక చేరును. జెకర్యా బంధువులు గెలిచిన చోటు అది! అచ్చట క్రైస్తవుడైన కుమారుని ప్రక్కన తాను విడిచిన పేరుతోనే తండ్రి నిలిచియుండును.

ఇట్టి తండ్రిని పిరికివాడని, అబద్ధికుడని వేదికమీదనుండి నిందించుట నేను వినియున్నాను. నిందించినవాని పిల్లల ఫీజును ఆ ధృవపత్రముతో కట్టవలసిన అగత్యము అతనికి ఎన్నడును లేదు. కాల్విను కూడ 1544లో ఇట్టివారిమీద ఘాటుగా ఒక పుస్తకము వ్రాసెను. తమ్మును తాము నీకొదేముతో పోల్చుకొనువారికి అది ప్రత్యుత్తరము. ఆయన అభ్యంతరమును తేలికగా త్రోసివేయలేము. దాచిన విశ్వాసము దాచినచోటనే ఎండిపోవచ్చును. రెండు పేర్లతో పెరిగిన బిడ్డ చివరకు ఏ పేరు పిలిచినను పలుకకపోవచ్చును. పన్నెండేండ్ల బిడ్డకు, ‘ఈ పేరు బడిలో చెప్పవద్దు’ అని తల్లి నేర్పునప్పుడు, ఆ బిడ్డ నేర్చుకొనునది ఒక జాగ్రత్త మాత్రమే కాదు. ఆ భారమును ఆ తల్లి తానై ఎత్తుకొనలేదు, చట్టము ఆమె తలపై పెట్టినది. అయినను మోయుచున్నది బిడ్డ. నా మట్టుకు నేను, కత్తిరింపబడిన పేరును చూచి ఆ మనుష్యునికి తీర్పు తీర్చుటకు సాహసింపను. అతని ప్రక్క మగ్గము మీద పనిచేయువాడు, అతని వీధిలో జబ్బుపడినవాడు, అతనియొద్ద అప్పు తీసికొనినవాడు అతనిని ఏమని పిలుచుచున్నారో మొదట అడుగుదును. ఆ సమాధానము ఏ రిజిస్టరులోను ఉండదు. ఏ అధికారియు దానిని కొట్టివేయలేడు.

కాల్విను ఆ పుస్తకములోనే నీకొదేమునుగూర్చి, దాగినవారు అతని పేరును అన్యాయముగా వాడుకొనుచున్నారని చెప్పెను. అది న్యాయమైన మాట. యోహానునకు బిరుదము ఇయ్యని ఆ నాలుగవ సువార్త నీకొదేమునకు మాత్రము ఒక రెండవ సగమును తగిలించి విడువలేదు: రాత్రివేళ యేసునొద్దకు వచ్చినవాడు. శిష్యులందరు చెదరిపోయిన సాయంకాలమున, అరిమతయియ యోసేపు దేహమును అడిగి తెచ్చినప్పుడు కూడ, సువార్తికుడు ఆ పాత మాటతోనే అతనిని పరిచయము చేయుచున్నాడు. అప్పుడు అతని చేతులలో బోళమును అగరును ఉన్నవి; ఒక్కడు మోయుటకు అవి చాల బరువు.